గృహవిజ్ఞానము: రాగి గొట్టముల అతుకు



కావలి నుండి ఒక సోదరి మాకొక జాబు వ్రాసినారు. వారు ఇటీవల మిద్దె మీద సూర్యరశ్మితో నీళ్లు కాచు యంత్రమును నిలిపించినారట. దాని నుండి స్నానపుగదికిని, అటనుండి వంటింటికిని రాగి గొట్టములు దింపించుచున్నారట. పనివాడు తెల్లని లోహపు తీగచుట్ట నొకదానిని తెచ్చి, "దీనిని కరగించి గొట్టములకు మాటు వేసెదనమ్మా, చుక్క నీరు కారదు" అని చెప్పెనట. ఇంటిలో ఎనిమిది నెలల పసిబిడ్డ యున్నది. "ఆ మాటు నిలుచునా? నిలిచినను మంచిదేనా? ఇది మగవారు చూచుకొను పని, నీకెందుకని ఇంటివారనుచున్నారు. ఊరకుండవచ్చునా?" అని ఆ సోదరి ప్రశ్న.

ఊరకుండరాదనియే మా సమాధానము. ఆ నీళ్లతో బిడ్డకు స్నానము చేయించునది ఆమె. ఆ నీళ్లతో వంట చేయునది ఆమె. అతుకు వీడిన నాడు గొట్టమునకు గుడ్డ చుట్టి, క్రింద బకెట్టు పెట్టి కూర్చుండునదియు ఆమెయే. ఆమె వేసిన ప్రశ్నలు రెండును వేర్వేరువి. మాటు నిలుచుట యొక గుణము. మాటు హితమగుట వేఱొక గుణము. చుక్క నీరు కారని అతుకు సైతము లోలోపల నీటిలో విషమును కలుపుచుండవచ్చును. కావున ఈ నెల ఆ రెండు గుణములను గూర్చియు వ్రాయుచున్నాము.

మా బోగోలు, కావలి ప్రాంతపు ఇండ్లలో నీళ్లు తెచ్చునవి మునుపు జస్తు పూసిన ఇనుప గొట్టములు. ఇప్పుడు చాలవఱకు ప్లాస్టిక్కు గొట్టములు. ఇల్లంతయు రాగి గొట్టములతో నీరు పాఱించుట ఇంగ్లండు, అమెరికా మొదలగు దేశములలో పరిపాటి గాని మనకు తక్కువ. అయినను రాగి గొట్టము మన ఇంట లేదనుకొనరాదు. సూర్యతాప యంత్రములు పెక్కింటిలో పలక లోపల నీరు నడచునది రాగి గొట్టములలోనే. ఏసీ యంత్రపు లోపలి భాగమును వెలుపలి భాగమును కలుపునవి రాగి గొట్టములే. ఆసుపత్రులలో గోడల వెంబడి ప్రాణవాయువును మంచము మంచమునకు చేర్చునవియు రాగివే. మన పుట్టిండ్ల పెరళ్లలో నుండిన రాగి బాయిలరును తలచుకొనుడు: నడుమ నిప్పులు పోయు గొట్టము, దాని చుట్టును నీళ్లు, అడుగున కొళాయి. ఆ కొళాయి మొదట కారుట మొదలుపెట్టినచో మాటు వేయువానినే గదా పిలిచెడివారము!

ఒక లోహమును వేఱొక లోహముతో అతుకు విద్య మనకు క్రొత్త కాదు. ఛాందోగ్యోపనిషత్తులో, యజ్ఞమున కలిగిన లోపమును బ్రహ్మ యను ఋత్విజుడు సరిచేయు విధమును చెప్పుచు, లోహములను అతుకు పనిని ఉపమానముగా తీసికొన్నారు. అందు బంగారమును అతుకుటకు లవణము కావలెనని యున్నది. ఆ లవణమనగా టంకణము మొదలగు క్షారమని శంకర భగవత్పాదులు భాష్యమున వివరించిరి. టంకణమనగా మన వెలిగారమే. నేటికిని కంసాలి బంగారమును అతుకునపుడు వెలిగారము నద్దుటను మనము చూచుచున్నాము. మాటు లోహమునకు మనము వాడు టంకమను మాట కూడ వినుటకు దానికి చుట్టమువలెనే యున్నది.

అమరకోశము చదివిన వారికి వైశ్యవర్గములోని లోహనామములు జ్ఞాపకముండును. అందు సీసమునకు చెప్పిన పేర్లలో యోగేష్టము అనునది యొకటి. యోగమనగా కూడిక. కూర్చుటయందు ఇష్టమైనది యోగేష్టము. చిన్నతనమున ఈ పేరును వల్లె వేయునపుడు అర్థము తోచదు గాని, మాటు వేయువాని చేతిలోని తీగను చూచిన తరువాత తోచును. సీసము మెత్తనిది, తక్కువ వేడికి కరగునది, తగరముతో కలిసినచో మఱింత తక్కువ వేడికే కరగి నీరువలె పాఱునది. అతుకు పనివారికి అది ఇష్టమగుటలో వింత లేదు. సీమలో గొట్టముల పనివానికి గల ప్లంబరను పేరును అట్టిదే. లాటిను భాషలో సీసమునకు ప్లంబమని పేరు; రోమనులు నీటి గొట్టములను సీసముతో చేసికొనెడివారు; ఆ సీసపు పనివాని పేరే నేటి ప్లంబరు. తూర్పునను పడమటను ఈ విద్య పేరులోనే సీసమున్నది. అదే నేడు మనకు వచ్చిన చిక్కు. దానిని తరువాత చెప్పెదము. ముందు మాటు నిలుచు విధమును తెలిసికొందము.

రెండు రాగి గొట్టములను మొగము మొగము చేర్చి అతుకరు. నడుమ ఫిట్టింగు అను రాగి కీలు నొకదానిని పెట్టుదురు. తిన్నగా కలుపునది సాకెట్టు, మలుపు తిప్పునది ఎల్బో, మూడు దారులు కలుపునది టీ. గొట్టపు కొన ఆ కీలులో సరిగా దూఱును. గొట్టమునకును కీలునకును నడుమ మిగులు సందు మిల్లీమీటరులో పదవ వంతు మాత్రమే. కరగిన టంకము ఆ సందులోనికి తనంత తానే పోవును. క్రింది నుండి పైకిని ప్రాకును. ఇది యెట్లనగా, ప్రమిదలోని నూనె వత్తి వెంబడి పైకెక్కి కొననున్న జ్వాలకు చేరుట లేదా? అట్లే ఇదియును. బడి పుస్తకములలో దీనినే కేశాకర్షణమందురు. మా వారు బడిలో పిల్లలకు ఈ పాఠము చెప్పునపుడు సన్నని గాజు గొట్టమును రంగునీటిలో ముంచి చూపుదురు. ఆ పాఠమే ఈ పనికి ప్రాణము. సందు ఎక్కువైనచో టంకము ప్రాకక జాఱిపోవును. సందు బొత్తిగా లేకున్నను లోనికి పోలేదు.

వత్తికి మట్టి పట్టియుండిన నూనె యెక్కునా? ఎక్కదు. అట్లే రాగి మీద చిలుము గాని, జిడ్డు గాని, తేమ గాని యున్నచో టంకము అంటదు. ముత్యములవలె గుండ్రముగా దొరలి పడిపోవును. కళాయి వేయువాడు ఇత్తడి గిన్నెను ఇసుకతోను పీచుతోను తోమి తోమి మెఱుగు తేలిన తరువాతనే నిప్పు మీద పెట్టుట మనము చూచినదే. గొట్టముల పనియు అదే క్రమము. చూచువారికి తెలియుటకై వరుసగా చెప్పుచున్నాము.

మొదట గొట్టమును చక్రపు కోతపరికరముతో అడ్డముగా, వంకర లేకుండ కోయవలెను. కోసినపుడు లోపలి అంచున పదును లేచి నిలుచును. దానిని గీకివేయవలెను. లేనిచో నీరు అచ్చట సుడి తిరిగి, కొన్నేండ్లకు గొట్టమును లోపలి నుండి తినివేయును. పిమ్మట గొట్టపు కొనను బయటి వైపునను, కీలును లోపలి వైపునను ఎమెరీ కాగితముతో గాని, తీగ బ్రష్షుతో గాని క్రొత్త కాసువలె మెఱయునంతవఱకు రుద్దవలెను. రుద్దిన చోటును మఱల వ్రేలితో తాకరాదు. వ్రేలి జిడ్డే చాలును, మాటు చెడుటకు.

తరువాత పేస్టు పూయవలెను. పనివారు దీనిని ఫ్లక్సు అందురు. కంసాలికి వెలిగారమెట్లో, కళాయివానికి నవాసారమెట్లో, వీరికి ఈ పేస్టు అట్లు. వేడి తగిలిన రాగి గాలిలో నల్లబడును. ఆ నలుపు పట్టకుండ కాపాడి, టంకము అంటునట్లు చేయునది పేస్టు. దీనిని పలుచగా గొట్టమునకు మాత్రమే పూయవలెను. కీలు లోపల ముద్దగా పెట్టినచో మిగిలినదంతయు గొట్టములోనికి పోయి నిలిచి, రాగిని తినును. పూసిన పిమ్మట గొట్టమును కీలు అడుగు తగులువఱకు దూర్చి, ఒకసారి త్రిప్పి, వెలికి వచ్చిన పేస్టును గుడ్డతో తుడువవలెను.

ఇక నిప్పు. ఇచ్చటనే పనివాని నేర్పు తెలియును. మంటను టంకము మీద పెట్టరాదు. కీలు మీద పెట్టి చుట్టును సమముగా త్రిప్పవలెను. రాగి వేడెక్కిన తరువాత మంటకు ఎదుటి వైపున టంకపు తీగను ఆనించవలెను. మంట తగులకయే, రాగి వేడికే తీగ కరగవలెను. అట్లు కరగినపుడు రెప్పపాటులో సందులోనికి పీల్చుకొనబడి, అంచు చుట్టును వెండి గాజువలె సన్నని వలయము తోచును. మంటతో టంకమును కరగించి చల్లని రాగి మీద కార్చినచో పైన దిట్టముగా కనబడును. లోపల సందు ఖాళీగానే యుండును. పెనము కాగక ముందు పోసిన దోసె వంటిదది. అట్టి అతుకు మొదటి దినమున నిలిచి, ఏ ఆరు నెలలకో గోడ లోపల కారును.

తీగ యెంత కావలెననగా, గొట్టపు వెడల్పెంతో అంత పొడవు చాలును. 15 మిల్లీమీటర్ల గొట్టమునకు ఇంచుమించు 15 మిల్లీమీటర్ల తీగ. ఎక్కువ పోసినందువలన బలము పెరుగదు. మిగిలినది లోపల బొట్లుగా దిగి నీటి దారికి అడ్డు తగులును. మంట తీసిన తరువాత టంకము గట్టిపడువఱకు గొట్టమును కదలింపరాదు, నీళ్లు చల్లరాదు. చల్లారిన పిమ్మట తడిగుడ్డతో పేస్టు మరకలను తుడిచి, గొట్టములలో నీరు విడిచి చాలసేపు పాఱనీయవలెను.

ఇచ్చట ఒక సంగతి మనకు వంటింటిలోనే తెలిసినది. గిన్నెలో నీళ్లున్నంతవఱకు అడుగంటదు. నీళ్లు ఇగిరిన క్షణమున మాడును. నీరు మఱుగు వేడి 100 డిగ్రీలు. నీరున్నంతవఱకు పాత్ర ఆ వేడిని అంతగా దాటదు. టంకము కరగుటకు దాదాపు దాని రెట్టింపు వేడి గాని, అంతకు మించిన వేడి గాని కావలెను. కాబట్టి పాత గొట్టమునకు మాటు వేయునపుడు లోపల కొంచెము నీరు మిగిలియున్నను ఎంతసేపు మంట పెట్టినను టంకము అంటదు. కొళాయి కట్టితిమి గదా యనుకొన్నను, పై తొట్టి నుండి బొట్టు బొట్టుగా దిగుచుండును. పని మొదలు పెట్టుటకు ముందు గొట్టమును పూర్తిగా ఖాళీ చేయించుడు. కొళాయిలలోని రబ్బరు బిళ్లలను ముందే తీయించుడు. సమీపమున గ్యాసు బండ గాని, కఱ్ఱ తలుపు గాని, తాటాకు చూరు గాని యుండిన తడి గోనె అడ్డము కట్టించి, బకెట్టు నీళ్లు దగ్గఱ పెట్టించుడు. కిటికీలు తెఱచి, పిల్లలను దూరముగా నుంచుడు.

మాటు నిలుచునా యను ప్రశ్నలో ఇంకొక భాగమున్నది. ఎచ్చట నిలుచును, ఎచ్చట నిలువదు? సీసము 327 డిగ్రీలకు కరగును, తగరము 232 డిగ్రీలకు కరగును. ఆ రెండును కలిసిన టంకమో 183 డిగ్రీలకే కరగ మొదలిడును. మా బోగోలు ప్రక్కనున్న బిట్రగుంటలో ఆవిరి ఇంజనుల కాలమున పెద్ద షెడ్డుండెడిది. ఇంజనులో చదరపు అంగుళమునకు 180 పౌనుల ఒత్తిడితో నుండు ఆవిరి వేడి 190 డిగ్రీలు దాటును. అట్టి చోట ఈ మెత్తని మాటు వేసిన అతుకు ఆవిరికే కరగిపోవును. అందులకు ఇత్తడినో, వెండి కలిసిన లోహమునో చాల వేడితో కరగించి అతుకవలెను. దీనిని బ్రేజింగు అందురు. ఏసీ గొట్టములకును, ఆసుపత్రి ప్రాణవాయు గొట్టములకును చేయునది బ్రేజింగే.

కావలి సోదరికి ఇది ముఖ్యము. మిద్దె మీద పలకలో నీరున్నంతవఱకు భయము లేదు. తొట్టి ఎండిపోయి, నీరు లేక, మన నెల్లూరు సీమ వైశాఖపు ఎండలో పలక ఉత్తగా కాగినచో దాని వేడి మఱుగు వేడిని ఎంతో మించును; మెత్తని టంకము కరగునంతవఱకును పోవచ్చును. కావున పలకకు ఆనుకొనియున్న అతుకులను బ్రేజింగు చేయించుడు. క్రింద గదులలోని అతుకులకు మెత్తని మాటు చాలును. ఇంకొక జాగ్రత్త: రాగి గొట్టమునకు తరువాత జస్తు పూసిన పాత ఇనుప గొట్టమును తగిలింపనీయకుడు. రాగి మీదుగా వచ్చిన నీరు జస్తును త్వరగా తినివేయును; మన వైపు ఉప్పుపాలు గల నీటికి అది మఱింత వేగముగా జరుగును.

ఇక రెండవ ప్రశ్న. మాటు నిలిచినది, మంచిదేనా?

సీసము గల టంకముతో అతికిన గొట్టములో రాత్రియంతయు నీరు నిలిచియున్నచో, ఆ సందు అంచుల నుండి కొంచెము కొంచెముగా సీసము నీటిలో కలియును. వేడినీటిలో మఱింత త్వరగా కలియును. నీటికి రంగు మాఱదు, రుచి మాఱదు, వాసన రాదు. కాచినను పోదు, నీరు ఇగిరి సీసము మిగులును గనుక కాచినకొలది చిక్కబడును. లోపలికి పోయిన సీసము ఎముకలలో చేరి ఏండ్ల తరబడి నిలుచును. గర్భిణీ స్త్రీ యెముకల నుండి సున్నపు పాలు బిడ్డకు పోవునపుడు సీసమును వెంట పోవును. మింగిన సీసములో పెద్దల దేహము పట్టుకొనుదానికంటె పసిపిల్లల దేహము నాలుగైదు రెట్లు ఎక్కువ పట్టుకొనునని ప్రపంచ ఆరోగ్య సంస్థవారు చెప్పుచున్నారు. అది ఎదుగుచున్న మెదడును దెబ్బతీయును. పిల్లవానికి చదువు పట్టకుండుట, నిలుకడ లేకుండుట, రక్తము తగ్గుట మొదలగునవి కలుగును. ఇంత మాత్రము సీసమునకు భయము లేదని చెప్పదగిన హద్దు లేదని కూడ ఆ సంస్థవారే చెప్పుచున్నారు. మన దేశపు త్రాగునీటి ప్రమాణములో, లీటరు నీటికి 0.01 మిల్లీగ్రామునకు మించి సీసముండరాదని 2012 నాటి నియమము.

అమెరికాలో 1986లో చట్టము చేసి, త్రాగునీటి గొట్టములకు సీసపు టంకమును నిషేధించిరి. అచ్చటనే ఫ్లింటను పట్టణములో 2014లో నీటి మూలమును మార్చి, గొట్టములు తినివేయబడకుండ నీటికి చేయవలసిన శుద్ధిని చేయకపోవుటచే, పాత గొట్టములలోని సీసము ఇండ్ల నీటిలోనికి దిగినది. నీరు రంగు మాఱినదని, పిల్లలకు ఒడలు చెడినదని మొదట గొంతెత్తిన వారిలో తల్లులే పెక్కుమంది. మన దేశమున 2021లో పి.వి.సి. గొట్టములలో సీసపు లవణముల వాడుకను నియంత్రించుచు కేంద్ర ప్రభుత్వము నియమములు చేసినది. ప్లాస్టిక్కు గొట్టములు వేయించుకొను సోదరీమణులు సహా సీసము లేనివని వ్రాసినవే అడిగి తీసికొనుట మేలు.

అయినచో టంకము లేకయే పని జరుగునా? జరుగనక్కఱలేదు. సీసము లేని టంకములు దొరకును. వానిలో దాదాపు అంతయు తగరమే. కొంచెము రాగి గాని, వెండి గాని, అంటిమొనీ గాని కలిపియుందురు. ఇవి 220 డిగ్రీలకు పైబడిన వేడికి కరగును గనుక పనివానికి మంట కొంచెమెక్కువ కావలెను, ఓర్పును కొంచెమెక్కువ కావలెను. వెల కూడ ఎక్కువే. అందువలననే పనివారు పాతదానిని విడువరు. వారిని నిందింపరాదు, సీసపు టంకము చక్కగా పాఱును, తక్కువ వేడికి కరగును, వారు నేర్చినదియు దానితోనే. కూర్చుటయందు ఇష్టమైనదని పెద్దలు ఊరక పేరు పెట్టలేదు. కాని కూర్చుట యొక్కటే చూచిన నాటి పేరది. త్రాగువారిని కూడ చూడవలసిన కాలము మనది.

తీగచుట్టను ఎట్లు గుర్తింపవలెను? చుట్ట మీది చీటిని చదువుడు. 60/40 అని యుండినచో నూటికి 60 పాళ్లు తగరము, 40 పాళ్లు సీసము. ఇది రేడియోలు బాగుచేయువారికి పనికివచ్చును గాని మన గొట్టములకు పనికిరాదు. ఆంగ్లాక్షరములలో ఎస్.ఎన్. అనునది తగరమునకు గుర్తు, పి.బి. అనునది సీసమునకు గుర్తు. పి.బి. కనబడినచో ఆ చుట్ట వలదనుడు. లెడ్ ఫ్రీ అని స్పష్టముగా నుండవలెను. చీటి లేని చుట్టను ఎంత చవుకకు వచ్చినను తీసికొనకుడు. తీగతో తెల్ల కాగితము మీద గీచిన పెన్సిలువలె నల్లని గీత పడినచో అందు సీసము చాలయున్నదని అనుమానింపవచ్చును. గీత పడలేదని మాత్రము నిశ్చింత పడరాదు.

ఇదే జాగ్రత్త కళాయికిని, బిందెల మాట్లకును వర్తించును. రాగి, ఇత్తడి పాత్రలలో చింతపండు పులుసు, మజ్జిగ పోసిన చిలుమెక్కి వాంతులగునని గదా మనము కళాయి పూయించుకొందుము! ఆ కళాయి తగరములో సీసము కలిసియున్నచో, ఒక కీడును తప్పించుకొని అంతకంటె పెద్దదానిని తెచ్చుకొన్నట్లగును. కళాయివాడు వచ్చినపుడు తగరపు కడ్డీని వంచి చూపుమనుడు. మంచి తగరపు కడ్డీని వంచినచో చిటచిటమని చప్పుడగును; సీసము వంగునే గాని పలుకదు. కారుచున్న మంచినీళ్ల బిందెకు సీసపు మాటు వేయించుటకంటె దానిని తులసికోటకు నీళ్లు పోయుటకుంచి, త్రాగుటకు వేఱొకటి కొనుట మేలు.

ఇప్పటికే ఇంటిలో పాత మాటు అతుకులు గల గొట్టములున్న వారు కంగారుపడి గోడలు పగులగొట్టింపనక్కఱలేదు. ఉదయమున లేవగానే కొళాయిలో వచ్చు మొదటి నీటిని త్రాగుటకును వంటకును పట్టక, గొట్టము చల్లబడునంతసేపు పాఱనిండు. ఆ నీరు అంట్లకును చెట్లకును పనికివచ్చును. వేడినీటి కొళాయి నీటిని వంటకు వాడకుడు. పసిబిడ్డల పాలలో అసలే కలుపకుడు. చన్నీరు పట్టి పొయ్యి మీద కాచుకొనుట మంచిది. అనుమానము తీఱనిచో నీటిని పరీక్షింపించుడు. రాత్రి నిలిచిన నీటిని మొదటి పట్టులోనే పట్టి పంపవలెను. పాఱిన నీటిని పంపినచో లోపము తెలియదు.

కావలి సోదరికి మా మాట ఇది. పనివాడు మంట వెలిగింపక ముందే నాలుగు సంగతులు చూడుడు: చుట్ట మీద సీసము లేదని యున్నదా, రాగి మెఱయునట్లు రుద్దెనా, గొట్టములో నీరు పూర్తిగా తీసెనా, పలక దగ్గఱి అతుకులు బ్రేజింగువేనా. మంట పెట్టిన తరువాత ఒక్కటి చూడుడు: తీగ మంటకు కరగుచున్నదా, రాగి వేడికి కరగుచున్నదా? అంతయు ముగిసిన పిమ్మట గోడ పూయింపక ముందు ఒక రాత్రియంతయు గొట్టముల నిండ నీరు నిలిపి, తెల్లవాఱి ఒక్కొక్క అతుకును పొడిగుడ్డతో తుడిచి చూడుడు. గుడ్డ తడియైనచో ఆ అతుకును విప్పించి, రుద్దించి, మఱల వేయించుడు. పైన టంకము పూసి కప్పనీయకుడు. వంటింటికి మాత్రము ఆ వేడినీటి గొట్టమును దింపకుండుటయే మేలు, స్నానపుగదితో ఆపివేయుడు.

ఇంటివారు నీకెందుకన్నచో, ఈ పుటను వారికి చదివి వినిపింపుడు. ఎనిమిది నెలల బిడ్డ త్రాగు నీరు ఇంటిలో అందఱి పనియును. చుట్ట మీది చీటి చదువుటకు మగవారి కన్నులే కావలెనని ఏ శాస్త్రమునను లేదు. మాటు వేసిన తరువాత ఎట్లున్నదో ఆ సోదరి మాకు మఱల వ్రాయుదురు గాక. నీళ్ల గొట్టములను గూర్చి ఇతర సోదరీమణులకు గల సందేహములను కూడ వ్రాసినచో, తెలిసినంతవఱకు రాబోవు నెలలలో సమాధానములు చెప్పెదము.